రేషను వరుసలో నవ్విన పిల్ల

నాలుగు బస్సు స్టాపుల అవతలున్న సరోజా, నీ మోకాళ్ళ నొప్పి తగ్గిందా? కాంతం వదినా, బీపీ బిళ్ళ మానలేదు కదా? మాంచెస్టర్‌లో శేషూ, నీ దగ్గు సంగతేమిటి? నాకు రోగమేమీ లేదు గానీ, ఈ ఎడిన్‌బర్గ్ ఫ్లాట్‌లో ఊపిరాడటం లేదు.

నిన్న టీవీలో పాత న్యూస్ రీలు వేశారు. రెండో ప్రపంచ యుద్ధం అయిపోయాక ఇక్కడి ఆడవాళ్ళు బుట్టలు పట్టుకుని రేషను వరుసలో నిలబడ్డారు. చూడగానే కుర్చీ టీవీ దగ్గరికి లాక్కున్నాను. టూరింగ్ టాకీసులో సినిమాకు ముందు మనకూ ఇలాంటివే వేసేవారు, గుర్తుందా? ఇసుకలో కూర్చుని, బీడీ పొగకు కళ్ళు నులుముకుంటూ చూసేవాళ్ళం.

నేను పెద్దమనిషినయ్యాక నాన్న టాకీసు మాన్పించారు, గడప దాటనివ్వలేదు. ఒకరోజు ఆయన పొలం వెళ్ళగానే, అమ్మ సంచి పట్టుకుని రేషను బియ్యం వరుసలో నిలబడ్డాను. ఆ రోజే కెమెరావాళ్ళు వచ్చి న్యూస్ రీలు కోసం మమ్మల్ని ఫిల్ము తీశారు. ఇక నాన్న సినిమాకు వెళ్ళినప్పుడల్లా, ఆ రీలు వేస్తారేమోనని వంటింట్లో నక్కి కూర్చునేదాన్ని.

ఒకసారి ఆయన వస్తూనే, "ఆ వరుసలో నవ్వుతున్నది నువ్వేనటే?" అని అడిగారు.

"నేను కాదు నాన్నా, ఎవరో."

"అదీ! మన పిల్ల అలా పళ్ళికిలించదులే" అన్నారు.

ఆ నవ్వు నేను ఒక్కసారి కూడా చూసుకోలేదు.

ఇప్పుడు మా అమ్మాయి, "ఒక్కదానివీ బయటికెళ్ళకమ్మా, తప్పిపోతావు" అంటుంది. నాకూ భయమే. బస్సు నేను దిగాల్సిన స్టాపు దాటిపోతే ఎవరినడగాలో తెలియదు.

మీ ముగ్గురికీ ఈ ఉత్తరం టైపు చేస్తున్నదీ తనే. "ఇక్కడితో ఆపనా అమ్మా?" అంది. ఇంకొక్కటి రాయమన్నాను: సరోజా, వచ్చే శనివారం పదకొండు గంటలకు మీ ఇంటికి బస్సులో ఒక్కదాన్నే వస్తున్నాను.