మూడో చుట్టు

జిదాఫ్స్‌లో మేము అద్దెకున్న ఇంటి హాల్లో సోఫా ఉండేది కాదు. ఆ చోటు అట్టపెట్టెలకు కావలసి వచ్చేది. తొంభైల మొదట్లో బహ్రెయిన్ నుంచి ఇంటికి వెళ్ళే తెలుగువాడు సూట్‌కేసు కన్నా అట్టపెట్టెనే ఎక్కువ నమ్మేవాడు. టీవీ వచ్చిన పెట్టె దొరికితే మరీ మంచిది. దుప్పట్లు, పాలపొడి డబ్బాలు, సెంటు సీసాలు, పిల్లల బొమ్మలు అందులో కుక్కి, నిలువునా అడ్డంగా నైలాన్ తాడు కట్టి, లావుపాటి మార్కరుతో నాలుగు పక్కలా పేరూ ఊరూ రాసేవారు. ఆ కట్టే పని మా హాల్లో జరిగేది. కట్టే మనిషి మా పక్క గదిలో ఉండేవాడు. ఆ గదిలో ఆరుగురు మత్స్యకారులు, ఆరు మంచాలు. పెట్టె తిప్పడానికి అక్కడ చోటెక్కడిది?

ఆయనది శ్రీకాకుళం తీరం. నలభై దాటిన మనిషి. అరచేతులు పాత చెప్పు అట్టల్లా ఉండేవి. వేళ్ళు మాత్రం దారం ఎక్కించే వాళ్ళ వేళ్ళలా చకచకా కదిలేవి. శుక్రవారాలు రిఫా నుంచి ఇంజనీర్లు, అకౌంటెంట్లు కార్ల వెనక పెట్టెలు వేసుకుని వచ్చేవారు. వచ్చినప్పుడు "ఏమయ్యా" అని పిలిచినవాళ్ళు తాడు బిగిసేసరికి "ఏవండీ" అనేవారు. ఆయన కట్టిన పెట్టె విమానం కడుపులో ఎన్ని మొట్టికాయలు తిన్నా వదులయ్యేది కాదు. బొంబాయిలో కస్టమ్స్ వాళ్ళు విప్పమంటే, పొట్టి కొస పట్టుకుని ఒక్క లాగు లాగితే చాలు, మొత్తం ఊడి వచ్చేది. మళ్ళీ అదే తాడుతో కట్టుకోవచ్చు. కత్తి తెస్తే మాత్రం ఆయనకు ఒళ్ళు మండేది.

"కొయ్యకండి బాబూ. తాడు పాపం ఏటి సేసింది మిమ్మల్ని?"

నాకు తెలిసిన ముడి వేరు. అంతకు ముందు విశాఖలో పదేళ్ళు దినపత్రికలో పనిచేశాను. బహ్రెయిన్‌లోనూ పత్రికా కార్యాలయమే. సబ్ ఎడిటర్‌ని కాబట్టి కట్టలు కట్టడం నా పని కాదు. అయినా విశాఖలో మనిషి తక్కువైన రోజుల్లో పార్సిల్ సెక్షన్‌లో నిలబడి పత్రిక కట్టలకు పురికొస చుట్టేవాణ్ణి. రెండు చుట్లు, ఒక గుంజు, ఒక ముడి. ఏజెంటు బస్టాండులో దాన్ని బ్లేడుతో తెంపేస్తాడు. ఎవరూ విప్పే పని లేని ముడి అది. ఒక్కరోజు బతికే సరుకుకి అది చాలు. వేరే రకం ముడి కూడా నేర్చుకోవాలని నాకు చాలాకాలం తోచలేదు.

పక్క గదిలోనే ఆయన బావమరిది ఉండేవాడు. అంటే భార్య తమ్ముడు. ముప్పైకి దగ్గర పడుతున్నవాడు. బావే కఫీల్‌తో, అంటే తమ పడవ యజమానితో మాట్లాడి వీసా తెప్పించాడు. ఇద్దరూ ఒకే పడవ మీద వెళ్ళేవారు. బావా బావమరుదుల వరసే వేళాకోళం వరస. గోడ అవతల నుంచి మాకు రోజూ వినిపించేది.

"ఏరా, మీ అక్క ఉత్తరంలో ఏటి రాసినాది?"

"బహ్రెయిన్ ఎండకి నీ బట్టతల ఉడికిందా లేదా అని అడిగినాది బావా."

"ఉడికితే నీకూ ఓ ముక్క ఎడతానని రాసీ."

ఒక చలికాలం ఈ మాటలు ఆగిపోయాయి.

అక్కడ చేపల్ని ఎక్కువగా తీగ బుట్టలతో పడతారు. గర్గూర్ అంటారు. బోర్లించిన గంపంత నుంచి చిన్న గుడిసెంత దాకా ఉంటాయి. సముద్రం అడుగున దించి, వాటి తాడుకి పైన తేలే బెండు కట్టి వదిలేస్తారు. మూడు నాలుగు రోజుల తరవాత బెండు చూసుకుని పైకి లాగుతారు. ఒకరోజు కొత్త బుట్టలకు తాళ్ళు కట్టే పని బావమరిదికి అప్పగించారు. అతను ఊళ్ళో తెప్ప కట్టినట్టే కట్టాడు. తెప్ప దుంగల్ని కొబ్బరి తాడుతో కడతారు. రెండు చుట్లు, ఒక ముడి చాలు. నీళ్ళలో తడిస్తే కొబ్బరి తాడు ఉబ్బి తనంతట తనే బిగుసుకుంటుంది. నైలాన్ తాడు తడిసినా ఉబ్బదు, పైగా జారుతుంది. వాళ్ళు మళ్ళీ వెళ్ళేసరికి బెండ్లు గాలికి చెదిరి ఎక్కడెక్కడో తేలుతున్నాయి. కింద బుట్టలు లేవు. పదకొండు బుట్టలు అడుగునే ఉండిపోయాయి.

కఫీల్ బావ మీద అరిచాడు. బావ పడవ మీద అందరి ముందూ బావమరిది చేతిలోంచి తాడు లాక్కుని, "ముడెయ్యడం రానోడివి గంగలోకి ఎందుకొచ్చినావురా? మీ అక్క సెంగు పట్టుకుని ఇంటికాడ కూకోలేకపోనావా?" అన్నాడట. ఆ రోజు నుంచి అతన్ని తాడు ముట్టుకోనివ్వలేదు. చేపలు ఏరడం, ఐసు కొట్టడం, పడవ కడగడం. అతను బావతో మాట మానేశాడు.

రెండు నెలలు ఒకే గదిలో, ఒకే కుండలో వండిన కూర తింటూ ఆ ఇద్దరూ మాట్లాడుకోలేదు. అవసరమైతే గదిలో మూడోవాడికి చెప్పేవారు. మూడోవాడు లేకపోతే మా ఆవిడకి.

"అమ్మా, గేసు అయిపోనాది, ఆ మనిషికి సెప్పండి."

ఆ మనిషి రెండడుగుల దూరంలోనే ఉండేవాడు. మా ఆవిడ అతని వైపు తిరిగి, "గ్యాసు అయిపోయిందట" అనేది. అతను, "ఇన్నానని సెప్పండమ్మా" అనేవాడు. మొదట్లో మాకు నవ్వొచ్చింది. తరవాత రాలేదు.

బావమరిది రెండేళ్ళ గడువు దగ్గర పడింది. కఫీల్ కోపం ఎప్పుడో చల్లారింది. ఇంకో రెండేళ్ళు ఉండమన్నాడు కూడా. ఇతను తల అడ్డంగా ఊపి, "ఖలాస్" అన్నాడు, ఇంక అయిపోయిందని. వీసా రద్దయింది, టికెట్టు వచ్చింది. ఆ వారం బావ మా గుమ్మం దగ్గర నిలబడి మా ఆవిడతో నెమ్మదిగా అన్నాడు: "ఆడు నాతో మాటాడకుండా ఎల్తే ఊళ్ళో ఆడికీ నాకూ ఇంక మాట ఉండదమ్మా. ఆళ్ళ అక్క ఎటేపు ఉంటాది? నాకేసా, తమ్ముడికేసా? దాన్ని రెండు ముక్కలు సేసినోణ్ణవుతాను."

"అయితే వెళ్ళి మాట్లాడు."

"నాకు సేతకాదమ్మా," అన్నాడు, చేపలు తోమడం చేతకాదన్నంత మామూలుగా.

శుక్రవారం మధ్యాహ్నం భోజనాలయ్యాక బావమరిది భుజం మీద పెట్టె పెట్టుకుని మా ఇంటికి వచ్చాడు. మర్నాడు పొద్దున్న విమానం.

"పేపరు బాబూ, ఇది మీరు కట్టీయండి."

"మీ బావ ఉన్నాడు కదా."

"ఆ మనిషి సెయ్యి నా పెట్టె మీద పడకూడదు."

నేను గంభీరంగా లుంగీ ఎగ్గట్టి కూర్చున్నాను. పదేళ్ళ పత్రికా అనుభవం చూపించే అవకాశం మరి. చుట్టాను, గుంజాను, ముడేశాను. అతను పెట్టె ఎత్తగానే తాడు మూల మీంచి జారి మోకాలి దాకా వేళ్ళాడింది.

"మీ పేపరు కట్టలాగే ఉంది. పొద్దున్నకల్లా ఊడిపోవాలిగా!" అంది మా ఆవిడ.

రెండోసారి ముడి జారకుండా ఆమెను వేలు పెట్టమన్నాను. ఈసారి బాగా బిగిసింది, వేలితో సహా. "నా వేలు! ఏవండీ, వేలు!" అని ఆమె కేక. నా ముడి విప్పడం నాకే రాలేదు. చివరికి అతనే వంగి పంటితో వదులు చేశాడు. రెండు నెలల తరవాత అతను నవ్వడం అప్పుడే చూశాను. ఆ నవ్వు ఎంతోసేపు నిలవలేదు.

వేలు ఊదుకుంటూ మా ఆవిడ అంది: "సముద్రం మీద బతికేవాడివి, నువ్వే కట్టుకోవచ్చు కదయ్యా."

"నాకు ముడెయ్యడం రాదు గదమ్మా," అన్నాడతను. "అందరికీ తెలిసిపోనాది."

ఎగతాళిగా అనలేదు. దొంగకోపంగానూ అనలేదు. ఎవరో తన పేరు అడిగితే చెప్పినట్టు అన్నాడు.

తలుపు తీసే ఉంది. గుమ్మంలో బావ నిలబడి ఉన్నాడు. శుక్రవారం ఆ వేళకి పాత పేపర్ల కోసం వస్తాడు, గదిలో కంచాల కింద పరుచుకోవడానికి. ఎంతసేపై నిలబడ్డాడో తెలియదు. నా తాడు వైపు చూసి, "ఇదేటి బాబూ, ముడా, ఉల్లిపాయా?" అన్నాడు. ఎవరూ నవ్వలేదు. లోపలికి వచ్చి పెట్టె మీదికి చెయ్యి చాపాడు. బావమరిది వెళ్ళి ఆ పెట్టె మీద కూర్చున్నాడు.

"బాబూ, ఆ మనిషిని ఎల్లిపొమ్మని సెప్పండి."

బావ వెళ్ళలేదు. గోడకి చేరబడి నేల మీద కూర్చున్నాడు. అతన్ని చూడకుండా నన్ను చూశాడు.

"బాబూ, మా ఊళ్ళో ఒక పద్ధతుంది. పదిమందిలో ఒకణ్ణి అనీస్తే, పదిమందిలోనే తప్పు ఒప్పుకోవాల. ఇక్కడ పదిమందిని నానెక్కడ తేగలను? మీరు పేపరోరు. మీకు సెప్తే పదిమందికీ సెప్పినట్టే గదా?"

"అంతే," అన్నాను.

"నేనూ ఉన్నాను," అంది మా ఆవిడ.

"మీతో కలిసి ఇరవై."

తన అరచేతులు చూసుకుంటూ చెప్పాడు.

"నానొచ్చిన కొత్తలో ఈ పడవ కాదు, ముహర్రక్ కాడ ఏరే పడవ. ఏరే కఫీల్. నానూ తెప్ప ముడే ఏసినాను. నైలాన్ సంగతి నాకేటి తెలుసు? బుట్టలన్నీ పోనాయి. ఆ కఫీల్ నన్ను గెంటీసినాడు. ఇక్కడికొచ్చి ఎవలికీ సెప్పలేదు."

పెట్టె మీద మనిషి కదలలేదు. తల దించుకునే నాతో అన్నాడు: "ఎన్ని పోనాయో అడగండి బాబూ."

ఎదురుగా ఉన్నవాడి వైపు తిరిగి, "ఎన్ని?" అన్నాను.

"పంతొమ్మిది."

"అబద్దం అని సెప్పండి."

"గంగమ్మ తోడు అని సెప్పండి."

నేను రెండూ చెప్పడానికి నోరు తెరిచాను. ఆ అవసరం లేకపోయింది.

"పంతొమ్మిదా బావా?"

"పంతొమ్మిదిరా."

"పంతొమ్మిది ముంచీసినోడివి, పదకొండుకే నన్ను అన్నన్ని మాటలన్నావా?"

"అన్నాను. అనకూడదు. తప్పే."

"మరి తాడు నా సేతికిచ్చినప్పుడే సెప్పొచ్చు గదా, ఇది కొబ్బరి తాడు కాదొరే, ఇంకో సుట్టు ఎయ్యాలొరే అని!"

"సెప్తే, నీకెలగ తెలిసినాది బావా అని అడుగుతావు గదా నువ్వు. నువ్వు అడక్కుండా ఉండే మనిషివా?"

ఆ మాటకు బావమరిది ముఖం ఒక్కసారి విప్పారింది. నిజమే, అతను అడక్కుండా ఉండే మనిషి కాదు. పత్రికల్లో పనిచేసి నేను ఎన్నో క్షమాపణలు చూశాను. లోపలి పేజీలో, చిన్న అక్షరాల్లో, చింతిస్తున్నాం అని రెండు లైన్లు. తప్పు ఎందుకు జరిగిందో చెప్పిన క్షమాపణ మాత్రం నేను ఆ హాల్లోనే విన్నాను.

బావమరిది పెట్టె మీంచి లేచాడు. బావ నా ముడిని నిమిషంలో విప్పేసి, తాడు దులిపి, అతని చేతిలో పెట్టాడు.

"కట్టు. రెండు సుట్లు నీకొచ్చినవే. మూడోది ఎనక నించి తిప్పి, దాని కిందకి దూర్చు. అలగ కాదు, ఎడమకి."

"ఎడమే గదా ఇది!"

"నీ ఎడమ కాదురా, పెట్టెది."

"పెట్టెకి ఎడమేటి బావా, పెట్టెకేటైనా సేతులున్నాయా?"

కట్టారు, విప్పారు, మళ్ళీ కట్టారు. ఒకసారి బాగా కుదిరాక కూడా బావమరిది కొస పట్టి లాగేసి, ఊడిపోయిందని మురిసిపోయి, మళ్ళీ మొదలెట్టాడు. మా ఆవిడ పెట్టిన టీ రెండుసార్లు చల్లారింది. "మీరిద్దరూ మాట్లాడుకోకుండా ఉంటేనే ఇల్లు ప్రశాంతంగా ఉండేది," అని విసుక్కుంటూ మూడోసారి వేడి చేసింది. ఆ సాయంత్రం ఆ మూడో చుట్టు నేనూ నేర్చుకున్నాను. ముందు వేసిన రెండు చుట్లనూ అది ఒరుసుకుని పట్టుకుంటుంది. తాడు తనంతట తను బిగుసుకోనప్పుడు ఆ పని చుట్టే చెయ్యాలి. ఎదురెదురుగా ఉండి పెరిగినవాళ్ళు ఒకరినొకరు విడమరిచి చెప్పకుండానే బతికేయగలరు. ఊరు, ఇరుగుపొరుగు, అక్క, అమ్మ వాళ్ళను బిగించి ఉంచుతారు. ఈ ఎడారి ఊళ్ళో అవేవీ లేవు. ఇక్కడ నోరు తెరిచి ఇంకొక మాట ఎక్కువ చెప్పాలి. దినపత్రికల్లో మాట తగ్గించడమే నేర్చుకున్న నాకు ఇది తెలియడానికి కొంతకాలం పట్టింది.

మర్నాడు పొద్దున్నే నా పాత కారులో విమానాశ్రయానికి వెళ్ళాం. వీసా రద్దయింది కాబట్టి అతను వెళ్ళక తప్పదు. దారిపొడుగునా ఇద్దరూ తగువే. పెట్టె మీద ఊరి పేరు వంకరగా రాశావని ఒకరు, నీ ముక్కుకన్నా తిన్నగానే ఉందని ఇంకొకరు. లోపలికి వెళ్తూ అతను బావ కాళ్ళకి దణ్ణం పెట్టబోతే, "ఎల్లెల్లు బేగి, ఇమానం నీకోసం ఆగదు," అని భుజం మీద తోశాడు. అద్దం తలుపు మూసుకునేదాకా అక్కడే నిలబడ్డాడు.

తిరుగుదారిలో ముహర్రక్ వంతెన ఎక్కాం. రెండు పక్కలా సముద్రం తెల్లగా ఎండకి మెరుస్తోంది.

"బాబూ, ఆడు దిగీదిగ్గానే ఆళ్ళ అక్కకి సెప్పీస్తాడు. పంతొమ్మిదని."

"చెప్తే ఏం?"

"ఈ మూడేళ్ళూ ఉత్తరాల్లో నా అంత పనిమంతుడు ఈ దేశంలోనే లేడని రాయించినాను గదా. మీ సేతే గదా రాయించినాను."

ఆ ఉత్తరాలు రాసిపెట్టింది నేనే.

"నవ్వుతాది," అన్నాడు. "పొట్ట పట్టుకుని నవ్వుతాది. ఆడూ పక్కనే కూకుని నవ్వుతాడు. నవ్వుకోనీ. ఇద్దరూ ఒక్క సోటే కూకుంటారు గదా."

కిటికీ అద్దం కిందికి దించి, చల్లగాలి ముఖానికి తగలనిచ్చుకుంటూ, తనే ముందు మొదలుపెట్టాడు. జిదాఫ్స్ వచ్చేదాకా ఆ మనిషి నవ్వుతూనే ఉన్నాడు.