స్లెడ్జికి వేసిన తాళం

అక్టోబరు చివరి వారంలో, ఉదయం పదీ నలభైకి సరిహద్దు మీది సైన్యం పోస్టు చేరాం. కింది క్యాంపు నుంచి నాలుగు రోజుల నడక. ఎత్తు పద్దెనిమిది వేల అడుగులకు పైన. గాలి పడమటి నుంచి. ఎండలో మైనస్ పన్నెండు. పోస్టు అంటే కోట లాంటిదేదో ఊహించుకోకండి. మంచులో తవ్విన గుంత, దాని మీద ఫైబర్ గుడిసె, లోపల పదకొండు మంది. ఒకడు పక్కకు ఒత్తిగిలాలంటే రెండోవాణ్ణి లేపాలి. పోస్టు పేరు రాయను. రాయకూడదు.

మాది వేల్పూర్ దగ్గర పల్లె. మా కంపెనీలో తెలుగువాళ్లే ఎక్కువ. పసుపు పండే ఆర్మూర్ వైపు వాణ్ణని అందరూ నన్ను ‘పసుపు’ అనేవాళ్లు. రేడియోలో కూడా అదే పేరు.

పోస్టు కమాండర్ సుబేదార్ సాబ్‌ది జగిత్యాల. బరువు దించకముందే చెప్పాడు.

“ఈడ మూడే పనులు. తాగాలె, తినాలె, ఊపిరి తీసుకోవాలె. మిగిలినయన్నీ నేను చెప్తే చెయ్యాలె. ఉరుకుడు మాత్రం బంద్.”

ఒంటి మీద ఐదు పొరల బట్టలు. మూడు జతల సాక్సులు, రెండు జతల గ్లోవ్స్. ఒంటేలుకు పోయి రావడానికి పది నిమిషాలు. గ్లోవ్ లేకుండా ఇనుము ముట్టుకుంటే చర్మం దానికే అతుక్కుని ఊడి వచ్చేది.

వంట చేసే అన్నది నవీపేట్. నాకంటే నాలుగేళ్లు పెద్ద. ఆయన అసలు వంటవాడు కాదు, రైఫిల్‌మన్. మిగతా పదిమందికి అన్నం వండటం రాదు కాబట్టి ఆయన వంటవాడయ్యాడు. స్టవ్ పక్కన నేనెప్పుడూ పుస్తకం పట్టుకుని కూర్చునేవాణ్ణి. దూరవిద్యలో డిగ్రీ. ఆఖరి సంవత్సరం పరీక్షలు సెలవులో రాసి వచ్చాను. రెండు పేపర్లు పోతాయని భయం. పోతే మళ్లీ రాయాలి కదా, అందుకే ఆ చదువు.

“పసుపోడా, గా పుస్తకం జర ఇటియ్యి. కాలబెడితే నీళ్లన్న కాగుతయ్.”

“పాసయినంక ఇస్త అన్నా.”

“నువ్వు పాసయ్యేదాంక మేం మంచు తాగాల్నా?”

మా నాయన సంతకం పెడతాడు, అంతే. అమ్మది వేలిముద్ర. మా ఇంట్లో నాకంటే ముందు పదో తరగతి దాటినవాళ్లు లేరు. కింది క్యాంపులో ఇంటర్నెట్ ఉండేది. అక్కడి రేడియో ఆపరేటర్‌కు నా హాల్‌టికెట్ నంబరు ఇచ్చి వచ్చాను. రిజల్ట్ వస్తే చెప్పమన్నాను. ప్రతి సాయంత్రం ఆరింటికి సెట్ దగ్గరే కూర్చునేవాణ్ణి.

ఇక తాళం సంగతి.

గుడిసెలో చోటు లేదు. జెర్రీకాన్లు, పారలు, తాళ్లు, స్లెడ్జి అన్నీ బయటే. స్లెడ్జి అంటే మంచు మీద లాగే బండి. చక్రాలుండవు. కింద రెండు ఇనుప పట్టీలు ఉంటాయి. కిరోసిన్ వచ్చినా, రేషన్ వచ్చినా, మనిషికి బాగాలేకపోయినా అదే దిక్కు. మా పైన ఇంకో పోస్టు ఉంది. వాళ్ల స్లెడ్జి విరిగింది. పదిహేడో రోజు మా స్లెడ్జి మాయమైంది. రేడియోలో అడిగితే “మాకేం తెలుసు?” అన్నారు. నాలుగు రోజుల తర్వాత ఉన్న చోటికే తిరిగి వచ్చింది, ఒక పక్క చీలి. ఫౌజులో దీన్ని దొంగతనం అనరు. సర్దుకోవడం అంటారు.

సుబేదార్ సాబ్ ఆ రోజు అన్నం తినలేదు. “రేపు మనోడు పడితే దేని మీద తీస్కపోవాలె? నా నెత్తి మీదనా?”

అప్పుడు నేను నా సంచిలోంచి తాళం తీగ తీశాను. ఆరడుగుల స్టీలు తీగ, వేలు మందం, పైన నల్ల ప్లాస్టిక్ తొడుగు, కొసకు తాళం. చుట్టేస్తే జేబులో పడుతుంది. ఆర్మూర్ బస్టాండు దగ్గర సైకిల్ సామాన్ల దుకాణంలో కొన్నాను. రైల్లో ట్రంకుపెట్టెను సీటు కాలికి కట్టుకోవడానికి.

మా వైపు ఇది కొత్త కాదు. పసుపు ఉడకబెట్టాక రెండు వారాలు బయట ఆరబోస్తాం. కడాయి, టార్పాలిన్లు, మోటారు అన్నీ చేన్లోనే ఉంటాయి. ఇలాంటి తీగతోనే కట్టేసి ఇంటికి వస్తాం. తాళంచెవి జేబులో పెట్టం. పనిలో చొక్కా విప్పేస్తాం కదా. మొలతాడుకు కట్టుకుంటాం. అదొక్కటే ఒంటి మీద నుంచి దిగదు. ఈ తాళానికి రెండు చెవులు వచ్చాయి. బయలుదేరేటప్పుడు నాయన ఒకటి తీసుకుని తన మొలతాడుకు కట్టుకున్నాడు.

“ఒకటి నీ కాడ, ఒకటి నా కాడ. ఇంట్ల ఒకటుండాలె,” అన్నాడు.

అలా పోస్టుకు ఒక్క చెవితోనే వచ్చాను.

పైకొసకు కన్నం ఉన్న ఇనుప ఊచను మంచులో నాలుగడుగుల లోతుకు దిగగొట్టాను. తీగను స్లెడ్జి రెండు పట్టీల గుండా పోనిచ్చి, ఆ ఊచ కన్నంలోంచి తీసి తాళం వేశాను. సుబేదార్ సాబ్ రెండుసార్లు గుంజి చూసి, “సాబాష్ పసుపు” అన్నాడు. మూడో రోజు పైపోస్టు వాళ్లు వచ్చి చూసి, తిట్టుకుంటూ పోయారు. మేం లోపల పడీ పడీ నవ్వాం.

ఒక ఆర్డరు కూడా ఇచ్చాడు. నేను పోస్టులో ఉన్నంతసేపు చెవి నా దగ్గర. బయటికి వెళ్తే తలుపు పక్కన మేకుకు. తొమ్మిదిసార్లు పెట్రోలింగుకు వెళ్లాను. తొమ్మిదిసార్లూ మేకుకు పెట్టాను.

అరవై ఒకటో రోజు, సాయంత్రం ఆరూ పదికి సెట్ మోగింది.

“పసుపు, పసుపు. మిఠాయి ఎవలు తెస్తున్నరు? ఓవర్.”

వంట అన్న నా చేతిలోంచి సెట్ గుంజుకున్నాడు. “పాసా? సక్కగ చెప్పు! ఓవర్.”

“అన్ని పేపర్లు పాస్. సెకండ్ క్లాస్. ఓవర్.”

మా ఇంటి పేరుతో మొదటి డిగ్రీ! గుడిసె పైకప్పుకు తల తగిలేలా ఎగిరాను. ఆ ఎత్తులో ఎగిరితే ఏమవుతుంది? రెండు నిమిషాలు కళ్లు తిరిగి కూర్చున్నాను. కూర్చునే నవ్వుతున్నాను. పైపోస్టుకు చెప్పాను. కింది పోస్టుకు చెప్పాను. బ్యాటరీ అయిపోతుందని మా పోస్టు ఆపరేటర్ మొత్తుకుంటున్నా చెప్పాను. ఇంటికి చెప్పే దారి మాత్రం లేదు.

మర్నాడు పొద్దున ఐదింటికి వంట అన్న సేమియా చేశాడు. దాచిపెట్టిన ఆఖరి ప్యాకెట్. స్టవ్ ముందు వంగి దగ్గుతున్నాడు. నర్సింగ్ అసిస్టెంట్‌ది శ్రీకాకుళం. మాకు అతనే డాక్టర్. “ఎన్నాళ్లనుంచండి ఈ దగ్గు?” అని అడిగాడు.

“పొగకు వస్తది, పో. ముందు డిగ్రీ సాబ్‌కు పెట్టు.”

ఆరింటికి ముగ్గురం పెట్రోలింగుకు బయలుదేరాం. ముగ్గురికీ ఒకటే తాడు. మైనస్ ముప్పై ఒకటి. ఆకాశం శుభ్రంగా ఉంది. నేను మధ్యలో ఉన్నాను, నాయన ముఖం ఎలా వెలిగిపోతుందో అనుకుంటూ. మేకు సంగతి నా తలలోకే రాలేదు.

ఏడూ నలభైకి రేడియోలో మా ఆపరేటర్.

“పసుపు, చాబి మేకుకు లేదు. ఓవర్.”

చెయ్యి నడుం మీదికి పోయింది. ఐదు పొరల కింద, ఒంటికి ఒత్తుకుని, అక్కడే ఉంది.

“నా మొల్దారానికున్నది. ఏమైంది? ఓవర్.”

సుబేదార్ సాబ్ గొంతు వచ్చింది. “వంటోడు పడిపోయిండు. నోట్లకెళ్లి నురుగు. ఊపిరితిత్తులల్ల నీళ్లంటున్నడు డాక్టర్. హెలికాప్టర్ అడిగినం. మబ్బు లెవ్వకముందు వస్తదట. ఎంతసేపట్ల వస్తవ్?”

“రెండు గంటలు సాబ్.”

సెట్‌లో ఒక్క మాట. “రా.”

హెలిప్యాడ్ పోస్టుకు కిలోమీటరున్నర కింద. స్లెడ్జి మీద అయితే నలభై నిమిషాలు. తాడు విప్పి ఒక్కణ్ణే వెళ్తానన్నాను. పెట్రోలింగు లీడర్ నా కాలర్ పట్టుకున్నాడు. “మంచు పగుళ్లల్ల పడితే నిన్నెవడు తీస్తడు? నడువు, ముగ్గురం పోదాం.” నలభై అడుగులు, ఆగడం. ముప్పై అడుగులు, ఆగడం. ఉరకాలని కాళ్లు కొట్టుకుంటున్నాయి. ఊపిరి ఒప్పుకోవడం లేదు.

సెట్ ఆన్‌లోనే ఉంచాను. అక్కడ జరిగేదంతా ముక్కలు ముక్కలుగా వినపడుతోంది.

ఏడూ యాభై ఐదు. “స్లీపింగ్ బ్యాగుల పండబెట్టి నలుగురం ఎత్తినం. తొడలదాంక దిగవడుతున్నం.” వెనక నర్సింగ్ అసిస్టెంట్ అరుపు. “దించండి సాబ్! రంగు మారిపోతన్నాడు! స్లెడ్జి కావాలండి!”

ఎనిమిదీ పది. “ఐస్ గొడ్డలితోని కొడుతున్నం. ప్లాస్టిక్ పలిగింది. లోపటి తీగ తెగుతలేదు.”

ఎనిమిదీ ఇరవై ఐదు. “తాళం మీద స్టవ్ పెట్టినం. అయితలేదు.” తీగ కోసే కట్టర్ పోస్టులో లేదు.

ఎనిమిదిన్నర. సుబేదార్ సాబ్. “తాళం ఇడిచిపెట్టుండ్రి. ఊచ తవ్వుండ్రి.”

నాలుగడుగుల గడ్డకట్టిన మంచు. దాన్ని అంత లోతుకు కొట్టింది కూడా నేనే. తొమ్మిదీ ఇరవైకి ఊచ బయటికి వచ్చింది. తీగ ఇంకా స్లెడ్జికి, ఊచకు బిగుసుకునే ఉంది. ఊచను పేషెంటు పక్కన పెట్టే చోటు లేదు. దాన్ని తీగతోనే వెనక్కి వదిలేసి అలాగే లాక్కుపోయారు.

తొమ్మిదీ నలభైకి హెలికాప్టర్ చప్పుడు వినిపించింది. మేం ముగ్గురం ఆగిపోయాం. చెవులతోనే చూస్తున్నాం. ప్యాడ్ మీద ఎవరూ లేరు. స్లెడ్జి సగం దారిలో ఉంది. లోయలోంచి మబ్బు లేస్తోంది. మూడు నిమిషాలు తిరిగింది. చప్పుడు చిన్నదైపోయింది. పెట్రోలింగు లీడర్ నా వైపు చూడలేదు.

తొమ్మిదీ యాభైకి పోస్టు దాటాను. పదిన్నరకు ప్యాడ్ చేరాను. మబ్బులో పది అడుగులు కూడా కనిపించడం లేదు. వంట అన్నను స్లెడ్జి మీదే కూర్చోబెట్టి వీపుకు సంచులు ఆనించారు. ముఖానికి మాస్కు. ఒకటే సిలిండరు. ఊపిరి తీస్తే లోపల నీళ్లు మరిగినట్టు చప్పుడు.

ఆయన ముందు మోకాళ్ల మీద కూర్చున్నాను. కళ్లు తెరిచి చూశాడు. మాస్కు పక్కకు జరిపాడు.

“ఉరికొచ్చినవా? ఉరకద్దని సాబ్ చెప్పలే?”

“అన్నా, చాబి నా కాడనే...”

“ఎరుకే.” దగ్గాడు. పెదాలు నీలం. “గా సిలిండర్ల ఎంతున్నదో చూడు, డిగ్రీ సాబ్. లెక్కలొస్తయి గదా.”

చూశాను. గంటకు మించి లేదు. చెప్పలేదు.

“మస్తున్నది అన్నా.”

“అబద్ధం,” అని మాస్కు పెట్టుకున్నాడు.

పదకొండున్నరకు సిలిండరు ఖాళీ అయింది. మబ్బు తీయలేదు. నర్సింగ్ అసిస్టెంట్ ఇంజెక్షన్లు ఇచ్చాడు, ఛాతీ నొక్కాడు, నొక్కుతూనే ఉన్నాడు. సుబేదార్ సాబ్ ప్రతి పది నిమిషాలకూ రేడియోలో హెలికాప్టర్ అడిగాడు. ఆర్డరు ఇచ్చే మనిషి, ఆ రోజు బతిమాలాడు. పన్నెండూ యాభైకి వంట అన్న చెయ్యి నా చేతిలోంచి జారింది. రెండూ ఇరవైకి మబ్బు విడిపోయి ఎండ వచ్చింది. రెండున్నరకు హెలికాప్టర్ దిగింది.

విచారణ జరిగింది. జరిగింది జరిగినట్టు చెప్పాను. పొరపాటు అని రాశారు. సుబేదార్ సాబ్ నన్ను పక్కకు పిలిచాడు.

“తాళానికి సరే అన్నది నేను. రెండో చాబి ఏదని అడగంది గూడ నేనే. నీ ఒక్కనిదే గాదు.”

తొంభై మూడో రోజు కిందికి దిగాం. ఫిబ్రవరిలో సెలవు. నాయన నన్ను నేరుగా ఆర్మూర్ మార్కెట్ యార్డుకు తీసుకుపోయాడు. కొత్త పసుపు కుప్పలు, గాల్లో దాని ఘాటు. కనిపించిన ప్రతివాణ్ణీ ఆపాడు.

“మావోడు డిగ్రీ పాసయిండు! మా ఖాన్‌దాన్ల మొదటోడు! ఏం సమజైందే?”

చాయ్‌లు వచ్చాయి. వీపు తట్టారు. మీ దగ్గర దాచడం ఎందుకు, సంతోషమే అయింది. ఆ సంతోషానికి సిగ్గు కూడా వేసింది. రెండూ ఒకేసారి వచ్చాయి, చాయ్ గుటకలో.

మర్నాడు నవీపేట్ వెళ్లాను. వంట అన్న పెద్దన్న పొలంలో నాట్లు వేయిస్తున్నాడు. గట్టు మీద కూర్చుని అంతా చెప్పాను. తాళం, మేకు, మొలతాడు, హెలికాప్టర్. ఆయన బురద కాళ్ల వైపే చూస్తూ విన్నాడు. కొడతాడనుకున్నాను. కొడితే బాగుండును అనుకున్నాను.

“గా పొద్దుగాల ఏం వండిండు మావోడు?”

“సేమియా.”

“తియ్యగున్నదా?”

“ఉన్నది.”

“మా ఇంట్ల ఏనాడన్న పొయ్యి మొకం చూసిండా వాడు?” అని లేచాడు. మడిలోకి దిగి, నాట్లు వేసేవాళ్లతో నారు సంగతి మాట్లాడటం మొదలుపెట్టాడు. చాలాసేపటికి అటు నుంచే కేకేశాడు. “తినకుండ పోకు, తమ్మీ. ఇంటికాడ అన్నమున్నది.”

సర్వీసు ముగించుకుని ఇప్పుడు ఊళ్లోనే ఉంటున్నాను. సరిహద్దు ఎలా ఉంటుందని మీరు అడుగుతుంటారు. నాకు కనపడేది ఒకటే. పోస్టు నుంచి ప్యాడ్ దాకా నేను దిగిన దారి. తాజా మంచు మీద స్లెడ్జి పట్టీల గీతలు రెండు, వెడల్పుగా, నున్నగా. వాటి నడుమ మూడోది, సన్నగా, లోతుగా. ఆ ఊచ ఈడ్చుకుంటూ పోయిన గీత. లాగేవాళ్లు ఊపిరికి ఆగిన ప్రతి చోటా అది ఆగింది, చిన్న గుంట చేసింది, మళ్లీ కదిలింది. గుంటలు లెక్కపెట్టాను. ఇరవై ఆరు. ప్యాడ్ దాకా ఆ గీత మీద కాలు పడకుండా, పక్కనుంచి నడిచాను.