ఓబుళేసు కొండముచ్చుకు పెట్టిన బడి

కొండముచ్చుతో చేతులతోనే మాట్లాడే ఓబుళేసును అటవీశాఖ వాళ్లకు పట్టించింది ఎవరో కాదు, పక్కింటి మైమూన్. ప్రొద్దుటూరులో కుట్టుమిషను తొక్కుకుని బతికే ఆమెకు ఆ రోజు అది న్యాయమే అనిపించింది.

పులివెందుల దిక్కు పోయి, అక్కడి చీనీ, అదే బత్తాయి తోటల్లో కోతులను తరమడానికి ఓబుళేసు చెన్నడనే కొండముచ్చును తిప్పేవాడు. ఏదో దేశంలో చింపాంజీలకు సైగలు నేర్పి మాట్లాడిస్తున్నారని ఒకనాడు ఫోనులో చూశాడు. అంతే, చెన్నడికి బడి మొదలైంది. చింపాంజీకి తోక ఉండదు, దాని జాతే వేరని చదువుకున్నవాళ్లు చెప్పి చూశారు.

"తోకుంటే బుర్రుండదా యేంది?" అన్నాడు ఓబుళేసు.

నోటిమాట చెవినబడితే చెన్నడి చదువు పాడవుతుందట. అందుకని అతనితో పనున్న వాళ్లంతా చేతులే ఆడించాలి. టీ అంగడి జమాల్ బొటనవేలు పెదవికి ఆనిస్తే టీ కావాలా అని, వేళ్లు నలిపితే చక్కెర ఎంతని. నవ్వులాటకు మొదలుపెట్టిన వీధికి పోనుపోను అలవాటైపోయింది. తప్పు సైగ చేస్తే ఓబుళేసు తిట్టేదీ చేతులతోనే. ఆ తిట్లను మాత్రం వీధి ఒక్కరోజులో నేర్చేసింది. చెన్నడికి అరటిపండు లాక్కోవడం తప్ప ఏమీ రాలేదు.

మైమూన్ కూతురు గౌసియా పుట్టుచెవిటి, మాట రాదు. సంబంధాల వాళ్ల కంటబడతాయని ఆ పిల్ల సైగలను తల్లి గడప దాటనిచ్చేది కాదు. ఒకనాడు వాకిట్లోకొచ్చి చూస్తే, ఓబుళేసు మెడ మీదుగా కొలతల టేపు లాగినట్టు వేళ్లు జార్చి చెన్నడికి చూపిస్తున్నాడు. అది గౌసియా అమ్మను పిలిచే సైగ. చుట్టూ జనం నవ్వుతున్నారు. నా బిడ్డను కోతికి పోలుస్తాడా అని మైమూన్ కడుపు మండింది. ఒక్క మాట అడగకుండా పోయి, అడవి జంతువును ఇంట్లో పెట్టుకున్నాడని ఫిర్యాదు చేసింది.

చెన్నడిని గండికోట దిక్కు అడవిలో వదిలేశారు. పని పోయిన ఓబుళేసు జమ్మలమడుగులో తమ్ముడి పంచన చేరాడు.

ఆ నెలలోనే మైమూన్ జ్వరంతో పడింది. గౌసియా మొదటిసారి ఒంటరిగా వీధిలోకి పోయి, మందుబిళ్లలతో, టీతో తిరిగొచ్చింది. వెనకే వచ్చిన జమాల్ మెడ మీదుగా వేళ్లు జార్చి, అమ్మకెట్లుందని ఆ పిల్లనే అడిగాడు. గౌసియా చెప్పింది. అతనికి అర్థమైంది. పెరటి గోడ మీదుగా ఓబుళేసుకు ఆ సైగలన్నీ నేర్పింది తానేనని కూతురు చూపించేసరికి మైమూన్ టీ పక్కన పెట్టి, ఓబుళేసు ఎక్కడున్నాడో జమాల్‌ను అడిగింది.

జ్వరం తగ్గగానే జమ్మలమడుగు బస్సెక్కింది. ఆమె ఓబుళేసును కలవడం అదే ఆఖరు.

"నాకొక మాట చెప్పింటే యేమాయె అప్పా?"

"చెప్తే ఒప్పుకుంటాంటివా అక్కా? మాట రాని పిల్లతో మాట్లాడేది నేర్చుకోండ్రా అంటే యెవడొస్తాడు? కొండముచ్చుకు నేర్పిస్తాండా అంటే పనులిడ్సిపెట్టి వచ్చిరి."

ఆమె తల దించుకుని చెన్నడి ఊసెత్తబోయింది. ఓబుళేసు వారించాడు.

"వాని గురించి బాధపడాకు. వానికి చదువంటే శానా భయం. ఇప్పుడు అడివిలో పండగ చేసుకుంటాంటాడు."