మా అత్తగారి ఇటుకలాట, నా గోరంత కార్డు

చాతం జెట్టీ నుంచి ఫెర్రీ విడిపడి, ఇక దూకినా ఒడ్డు అందనంత దూరం వచ్చాక, మా అత్తగారు ఒళ్లో ఉన్న వీడియో గేమ్ మూత తెరిచారు. రెండు తెరలూ ఉతికి ఆరేసిన పంచెల్లా తెల్లగా వెలిగాయి. కింది తెర మీద ఇంగ్లీషులో ఒకే ఒక్క ముక్క ఉంది. మెనూ కనబడలేదట.

"ఏటి బాబూ ఇది, ఇటుకలేవీ?" అన్నారు ఆవిడ, తల ఎత్తకుండా.

తల ఎత్తితే సముద్రం కనిపిస్తుంది. నాలుగేళ్లుగా ఆవిడ చూడనిది అదే. చూడకుండానే అవతలి ఒడ్డుకు చేరుస్తానని మాటిచ్చి తీసుకొచ్చినవాణ్ని నేను.

పత్రికలో ఉన్నన్నాళ్లూ ఊళ్లోవాళ్ల తప్పులు రాసి జీతం తీసుకున్నాను. ఇప్పుడు ఖాళీగా ఉన్నాను కనుక నా తప్పు ఒకటి రాస్తాను. ఇందులో ఎవరికీ ప్రాణాపాయం లేదని ముందే చెబుతున్నాను. పరువు విషయంలో మాత్రం ఆ హామీ ఇవ్వలేను.

ముందు మా అత్తగారి సంగతి. పేరు నూకరత్నం. పుట్టింది, పెరిగింది, కాపురం చేసింది అంతా పోర్ట్‌బ్లెయిర్‌లోనే. జంగ్లీఘాట్‌లో వాళ్లిల్లు పల్లంలో ఉండేది. సునామీ వచ్చిన ఆదివారం ఉదయం నీళ్లు వంటింటి గడప దాటి లోపలికొచ్చి ఆవిడ గిన్నెల్ని ఒక్కొక్కటే తేల్చి పట్టుకెళ్లాయి. వీధి చివర ఎవరిదో పడవ, బస్సు కోసం నిలబడ్డట్టు, కరెంటు స్తంభానికి ఆనుకుని ఆగిపోయింది. ఇంట్లో అందరూ బతికారు, ఆవిడ మా ఇంటికి వచ్చేశారు. కానీ ఆ రోజు నుంచి ఆవిడ పడవ ఎక్కలేదు. ఆటో సముద్రం పక్కగా వెళ్తుంటే కళ్లు గట్టిగా మూసుకుని, "అయిపోయిందా? అయిపోయిందా?" అని అడిగేవారు. ద్వీపంలో ఉంటూ సముద్రం వైపు చూడకుండా బతకడమంటే పెళ్లింట్లో ఉండి ఎవర్నీ పలకరించకుండా తిరగడం లాంటిది. మెడ పట్టేస్తుంది.

ఆవిడ అక్క పైడమ్మగారు హార్బరుకు అవతల, హోప్ టౌన్‌లో ఉంటారు. చాతం జెట్టీ మీద నిలబడితే అవతలి ఒడ్డు కొండ కింద ఇళ్లు కనిపిస్తూనే ఉంటాయి. ఫెర్రీలో బాంబూఫ్లాట్‌కి పావుగంట, అక్కడి నుంచి ఆటో. రోడ్డు మీద వెళ్లాలంటే ద్వీపమంతా చుట్టి రావాలి. సునామీ తర్వాత పైడమ్మగారూ ఫెర్రీ మానేశారు కానీ బస్సులో చుట్టూ తిరిగి చెల్లెల్ని చూడ్డానికి వచ్చేవారు. మా అత్తగారికి ఆ బస్సు పడదు. మూడో మలుపుకే కిటికీలోంచి తల బయటపెట్టేవారు.

అలా ఉండగా పైడమ్మగారు బాత్రూంలో జారి కాలు విరగ్గొట్టుకున్నారు. ఫోన్‌లో అక్క గొంతు మా వసారా దాకా వినిపించింది.

"నా కాలికి సిమెంటు పోశారే. నానింక రాలేను. నువ్వు రావు. ఇంక మనం ఫోన్‌లోనే ముసలోళ్లం అయిపోవాల."

"రానని ఎవరన్నారు? వస్తాను."

"ఎలాగొస్తావు? హెలికాప్టర్లోనా?"

ఫోన్ పెట్టేసి మా అత్తగారు చాలాసేపు చీపురు పట్టుకుని ఊడ్చిన చోటే ఊడ్చారు. ఆవిడకు వెళ్లాలని ఉంది. ఎలా వెళ్లాలో తెలియదు.

ఉపాయం నాకు తట్టింది. అప్పటికి నాకు నలభై నిండాయి. నలభై నిండిన మగవాడికి ఉపాయాలకేం కరువు?

మా బావమరిది రాజు ఓడలో ఎలక్ట్రీషియన్. సెలవులో వస్తూ సింగపూర్ నుంచి చేతిలో పట్టే వీడియో గేమ్ తెచ్చాడు. పుస్తకంలా మూసే మూత, లోపల రెండు తెరలు. తోటి ఉద్యోగి దగ్గర అడిగి తెచ్చుకున్న ఆట ఒకటే ఉంది. పైనుంచి ఇటుకలు పడుతుంటాయి, సందు లేకుండా పేర్చాలి. రాజు కన్నా వాళ్లమ్మే దాన్ని ఎక్కువగా పట్టుకున్నారు.

"మీ మావయ్యగారు చాతం మిల్లులో చెక్కలు పేర్చేవోరు. సందు కనబడితే ఆయనకి అన్నం సయించేది కాదు. నాకూ అదే అలవాటైంది," అని మాకు వివరణ కూడా ఇచ్చారు.

ఒకరోజు ఆటోలో సముద్రం పక్కగా వెళ్తున్నాం. ఆ గేమ్ డబ్బీ ఆవిడ చేతిలో ఉంది. కళ్లు మూసుకోలేదు, "అయిపోయిందా?" అని అడగలేదు. ఒడ్డు రోడ్డు మొత్తం అయిపోయాక తలెత్తి, "ఇంకా బయల్దేరలేదా?" అన్నారు. అప్పుడే నిశ్చయించుకున్నాను. పావుగంట ఇటుకలు పేరిస్తే అత్తగారు అవతలి ఒడ్డున ఉంటారు.

చిక్కేమిటంటే, రాజు సెలవు అయిపోయింది. డబ్బీ అమ్మ కోసం వదిలాడు గానీ ఇటుకలాట స్నేహితుడిది కనుక పట్టుకెళ్లాలి. దానికి బదులు వేలెడంత ప్లాస్టిక్ బిళ్ల ఒకటి నా చేతిలో పెట్టాడు.

"బావా, ఇది ఫ్లాష్ కార్ట్రిడ్జ్. ఖాళీది. ఈ సందులో మెమరీ కార్డు పెట్టి డబ్బీలోకి తొయ్యాలి. కార్డులోకి కంప్యూటర్లోంచి ఫైళ్లు ఎక్కించాలి. ఇటుకలాట లాంటిది ఎవరో సరదాకి రాసి ఊరికే ఇస్తున్నారు, నెట్‌లో దొరుకుద్ది. ఈ కాగితం ఒక్కసారి చదువుకోండి, చాలు."

"నేను పేపర్లో పనిచేసేవాణ్నిరా. నాకు చదవడం నేర్పుతున్నావా?"

"అందుకే చెప్తన్నాను బావా. మీరు ప్రూఫులు చదువుతారు గానీ కాగితాలు చదవరు."

ఆ మాట అప్పుడు నాకు నచ్చలేదు. ఇప్పుడూ నచ్చదు, కానీ కారణం వేరు.

అప్పట్లో మా ద్వీపాలకు ఇంటర్నెట్ ఆకాశం నుంచి దిగేది. మబ్బు పడితే దిగేది కాదు. ఆఫీసులో మధ్యాహ్నం పూట కూర్చుని డౌన్‌లోడ్ పెడితే, తెర మీది పచ్చగీత దుంగల లారీ కొండెక్కినట్టు ఎక్కేది. తొంభై శాతం దగ్గర వాన. మళ్లీ మొదలు. మూడు మధ్యాహ్నాలు అలా గడిపాను. మా సబ్ ఎడిటర్ వెనక నిలబడి చూసి, "భయ్యా, ఈలోపు ఓడెక్కి వైజాగ్ వెళ్లి సీడీ తెచ్చుకోవచ్చు," అన్నాడు.

ఫైళ్లు దిగాయి. జంగ్లీఘాట్‌లో కొత్త మెమరీ కార్డు కొన్నాను. గోరంత ఉంటుంది, నల్లగా. అచ్చం నా ఫోన్‌లో ఉన్నదాని కవలపిల్ల. ఆ సంగతి గుర్తుంచుకోండి, నేను గుర్తుంచుకోలేదు.

ఆఫీసు మనిషిని కదా, ఏదైనా ఫైలు చెయ్యకుండా ఉండలేను. కార్డులో ‘అత్తగారి ఆటలు’ అని మర్యాదగా ఒక ఫోల్డర్ తెరిచి, అన్నీ అందులో సర్ది, ఇంటికి తెచ్చి డబ్బీలో పెట్టాను. తెల్లతెర. మెనూ కనబడలేదట. ఊదాను, తుడిచాను, చొక్కాకు రుద్దాను. బ్యాటరీ తీసి పెట్టాను. రోగి పక్కన కొత్త డాక్టర్లా తిరిగాను.

నా భార్య వరం స్కూల్లో టీచరు. రాజు ఇచ్చిన కాగితం తీసి, ఎర్రసిరా పెన్నుతో మూడో వాక్యం కింద గీత గీసింది. ఫైళ్లన్నీ కార్డులో పైపైనే ఉండాలి, ఏ ఫోల్డర్లోనూ పెట్టకూడదు అని అందులో ఉంది.

"పాఠకులు హెడ్డింగ్ చూసి వార్త వదిలేస్తారని రోజూ విసుక్కుంటారు కదా," అంది.

"చిన్న అక్షరాలు, కనబడలేదు."

"మెనూకి కూడా అలాగే కనబడలేదు కాబోలు."

ఫోల్డర్లోంచి బయటికి తీశాను. ఆడింది. ఇటుకలు పడ్డాయి. మా అత్తగారు రెండు రోజులు సాధన చేశారు. వరం ఉప్మా మాడిపోయిందని చెప్పినా తల ఎత్తలేదు. నా గుండె ఉప్పొంగింది. ఆదివారం ఉదయం పది గంటల ఫెర్రీ అని పైడమ్మగారికి కబురు పంపాను.

అక్కడితో ఆగి ఉంటే ఈ కథ లేదు. ఆ ఆదివారం ఉదయం నాకు ఇంకో ఆలోచన వచ్చింది. ఇటుకలు విసుగొస్తే? ఇంకో ఆట కూడా వేసి ఉంచుదామని ఆఫీసుకు వెళ్లాను. వెళ్లినవాణ్ని, పనిలో పని, ఫోన్‌లో రికార్డు చేసిన ఒక ఇంటర్వ్యూ కూడా కంప్యూటర్లోకి దించుకుందామని ఫోన్ కార్డు కూడా బయటికి తీశాను. బల్ల మీద రెండు నల్లటి గోళ్లు, పక్కపక్కన. ఈలోపు ప్రెస్ నుంచి ఎవరో పిలిచారు. తిరిగొచ్చి ఒకటి ఫోన్‌లో, ఒకటి డబ్బీలో పెట్టాను. ఏది ఎందులోనని నన్నడక్కండి.

"ఒకసారి తెరిచి చూసుకున్నారా?" అంది వరం, గేటు దగ్గర.

"నిన్న ఆడింది కదా."

ఇదీ వెనక కథ. ఇక ఫెర్రీలోకి రండి.

కళ్లు మూసుకుని, నా మోచెయ్యి నలిపేస్తూ ఎక్కారు మా అత్తగారు. మధ్య బెంచీ మీద కూర్చోబెట్టాను. చుట్టూ స్కూటర్లు, మేకలు, కోళ్ల గంప, కూరగాయల బస్తాలు. హారన్ మోగింది. కళ్లు తెరిచి తిన్నగా ఒళ్లోకి చూసి మూత తెరిచారు. ఆ తర్వాతిది మీకు తెలుసు.

"ఏటి బాబూ, ఇటుకలేవీ?"

"ఒక్క నిమిషం అత్తయ్యా. కార్డు మారింది. అసలుది నా ఫోన్‌లోనే ఉంది. తల దించుకునే ఉండండి."

"దించుకునే ఉన్నాను. తొందరగా కానీయండి. ఇది ఊగుతోంది."

డబ్బీలోని కార్డు తీసి జేబులో వేసుకున్నాను. ఫోన్ వెనక మూత తీశాను. బ్యాటరీ తీశాను. దాని కింద ఉంది నా ప్రాణం. గోటితో నొక్కాను. అది స్ప్రింగు మీద ఉంటుంది. నొక్కి మెల్లగా వదలాలి. నేను నొక్కి ఒక్కసారిగా వదిలేశాను. మిడతలా ఎగిరి, ఎండలో ఒక్కసారి మెరిసి, మేకల వైపు ఎక్కడో పడింది.

"దొరికిందా?" అన్నారు అత్తగారు.

"దొరికింది అత్తయ్యా. మళ్లీ పోయింది."

నేను మోకాళ్ల మీద కూర్చున్నాను. స్కూటరాయన వంగాడు. "క్యా గిరా భయ్యా?" అన్నాడు ఫెర్రీలో పనిచేసే లష్కర్, తాడు చుట్టడం ఆపి. మెమరీ కార్డు అన్నాను. ఎంతుంటుందన్నాడు. గోరు చూపించాను. ఆయన నా గోరును, డెక్కును, మేకల్ని మార్చి మార్చి చూసి నిట్టూర్చాడు.

ఏం జరిగిందో ఇప్పటికీ చూసినట్టే ఉంది. మా అత్తగారు లేచి నిలబడ్డారు.

"ఎవరూ కాలు కదపకండి," అన్నారు. "కోయీ హిలో మత్. దీదీ, ఆ గంప పైకెత్తండి. భయ్యా, స్కూటర్ అలాగే పట్టుకో, చక్రం తిప్పకు. మేకలెవరివి? నోళ్లు చూడండి."

మేకలాయన నోళ్లు చూశాడు. ముప్పై మంది ఒంటికాలి మీద కొంగల్లా నిలబడ్డారు. డెక్కు పలకల మధ్య సందులన్నీ ఆవిడ వేలితో తడిమారు. సందు కనబడితే ఆవిడ వదలరు కదా. ఒక చొక్కా గుండీ దొరికింది, సగం వక్క దొరికింది, చెవిదిద్దు సీల దొరికింది. సీల తనదేనని కోళ్ల గంప ఆవిడ కళ్లకద్దుకుంది, పోయి వారమైందట. మా కార్డు తప్ప అన్నీ దొరికాయి.

"నీళ్లు పోయే ఈ కన్నంలోంచి పడిపోయుంటది," అంటూ మా అత్తగారు రెయిలింగు దగ్గరికి నడిచారు. రెండు చేతులతో పట్టుకుని వంగి సముద్రంలోకి చూశారు. నాలుగేళ్ల తర్వాత. దొంగను పట్టుకున్న మనిషి చూసినట్టు చూశారు. గిన్నెలు పట్టుకెళ్లింది చాలక కార్డు కూడానా అన్నట్టు.

నేను మోకాళ్ల మీదే ఉండిపోయాను. ఊపిరి కూడా జాగ్రత్తగా తీసుకున్నాను.

ధబ్బుమని ఫెర్రీ దేనికో తగిలింది.

"ఏటది?"

"జెట్టీ అత్తయ్యా."

"ఏ జెట్టీ?"

"బాంబూఫ్లాట్."

ఆవిడ వెనక్కి తిరిగి చూశారు. చాతం చాలా దూరంలో ఉంది. మెల్లగా వచ్చి బెంచీ మీద కూర్చున్నారు. భయం అప్పుడొచ్చింది. సీసాలో నీళ్లిచ్చాను. సగం తాగి, "అయితే దాటేశామా?" అన్నారు.

"దాటేశాం."

"మరి కార్డు?"

హోప్ టౌన్‌లో పైడమ్మగారు మంచం మీద నుంచే తలుపు వైపు చూస్తున్నారు. చెల్లెలు గుమ్మంలో కనబడగానే మంచం పట్టె పట్టుకుని లేవబోయారు. ఆ తర్వాత వచ్చిన మాట, "ఎలాగొచ్చావే?"

"ఏటి చెప్పమంటావు? అల్లుడుగారు ఏదో పారేసుకున్నారు. వెతుక్కుంటూ వచ్చేశాను."

అక్కచెల్లెళ్లు ఏడ్చారో నవ్వారో నేను వరండాలో ఉండి చెప్పలేకపోయాను. రెండూ వినిపించాయి. మధ్యలో, "ఇన్నేళ్లు పేపర్లో పనిచేశాడంట," అన్న పైడమ్మగారి గొంతు మాత్రం స్పష్టంగా వినబడింది.

నాలుగు రోజుల తర్వాత తీసుకురావడానికి వెళ్లాను. రాజు ఇచ్చిన కార్ట్రిడ్జ్ ఖాళీగా సంచిలో ఉంది. కొత్త కార్డు కొనే ధైర్యం లేక వట్టి చేతులతో వెళ్లాను. ఫెర్రీ కదిలింది. మా అత్తగారు తల దించుకుని, కొంగు వేలికి చుట్టుకుంటూ కాసేపు కూర్చున్నారు. నడి హార్బరులో మెల్లగా నా వైపు వంగారు.

"అల్లుడుగారూ, ఏదైనా పారేసుకోండి."

పెన్ను క్యాప్ తీసి బెంచీ కిందికి వదిలాను.

అందుచేత, పాఠకుల సాక్షిగా, నా ప్రూఫులన్నిటి మీద ఒట్టేసి ప్రకటిస్తున్నాను: రెండు ఒడ్ల మధ్య ఉండగా గోరు కన్నా చిన్న వస్తువును ఈ జన్మలో విప్పను. ఏ కాగితమైనా మూడో వాక్యం దాకా చదువుతాను. పెన్ను క్యాపులు ఈ ప్రమాణం కిందికి రావు. అవి ఆ తర్వాత చాలా పోయాయి.

మా అత్తగారు ఇప్పుడు నెలకోసారి ఫెర్రీ ఎక్కుతారు, ఒక్కరే. పైడమ్మగారి కాలు ఎప్పుడో అతుక్కుంది. ఆవిడ మాత్రం ఈ ఒడ్డుకు ఇంకా బస్సులోనే చుట్టూ తిరిగి వస్తున్నారు.