తీజ్ పండుగ సెలవు

భూపాలపల్లి బొగ్గుగని క్వార్టర్ల వీధుల్లో నీలి ఊడ్చే చీపురు చప్పుడుతోనే తెల్లారేది. ఆమెది గార్ల దగ్గరి తండా. భర్త లింగ్యా తాపీ పనికని ఈ ఊరొస్తే వెంట వచ్చి, వీధులు ఊడ్చే కాంట్రాక్టులో చేరింది. కాంట్రాక్టు ఏడాదికోసారి రాసుకునేదే అయినా, పదకొండేళ్లుగా ఆ వీధులూ ఆమే. ఎవరింట్లో కుక్క కరుస్తుందో, ఎవరు మంచినీళ్లడిగితే ముఖం చిట్లిస్తారో అన్నీ తెలుసు.

శ్రావణం వస్తే మాత్రం ఆమె మనసు ఇక్కడ నిలిచేది కాదు. తండాలో పెళ్లికాని పిల్లలు బుట్టల్లో గోధుమలు మొలకెత్తించి, తొమ్మిది రోజులు నీళ్లు పోస్తూ తీజ్ పండుగ చేస్తారు. పాట ఎత్తుకోవడానికి నీలి ఉండాల్సిందే.

సూపర్‌వైజర్ సోమేశ్వర్ ఎన్నడూ అడ్డు చెప్పలేదు. "పోయి రా నీలక్కా, పండుగ పండుగనే గద. గేటు పాసు నాకిచ్చి పో. వచ్చినంక కొత్తది చేపిస్త" అనేవాడు. ఎంత మంచోడో అనుకుని, వచ్చేటప్పుడు అతని పిల్లలకు పల్లీలు తెచ్చేది. ఆ మంచితనం మండిపోను! పాసు చేతికిచ్చిన ప్రతిసారీ, సర్వీసు కలవకుండా, నీలి పని మానేసిందని, పండుగ అయ్యాక కొత్తగా చేరిందని అతను రాసుకుంటున్నాడు. ఆమెకు తెలిసిందల్లా కొత్త పాసు మీద కొత్త ఫోటో ఉంటుందని.

ఈసారి గడువు ముగిశాక కాంట్రాక్టు మళ్లీ రాసుకున్నారు గానీ మనుషులను తగ్గించారు. వెనక చేరినవాళ్లే ముందు పోవాలన్నారు. నీలికి బెంగ లేదు. తనకంటే ముందున్నవాళ్లెవరని? పేర్లు చదివినప్పుడు మొదట పోయింది ఆమే.

"పోయిన శ్రావణంలనే చేరినవ్ గద నీలక్కా" అన్నాడు సోమేశ్వర్, ముఖం చూడకుండా.

మూడేళ్ల కింద వచ్చి, నీలి పక్కన నిలబడి పని నేర్చుకున్న రూతు ఆమెకంటే పాతదైపోయింది.

యూనియన్ సుభాష్ ఊరుకోలేదు. "సెలవు మీద పోతె నౌకరి తెగినట్టు కాదక్కా. నీ ఏండ్లన్ని లెక్కకు రావాలె. నువ్వు మానెయ్యలె, పండుగకు పోయినవని చూసినోళ్లు ఒక్కలు చెప్పాలె" అని లేబర్ ఆఫీసులో కేసు వేయించాడు. సాక్ష్యం చెప్తానని రూతే ముందుకొచ్చింది. భర్త వదిలేసి పోయాక ఇద్దరు పిల్లలను ఈ జీతంతోనే సాకుతున్న మనిషి.

విచారణ రోజు అధికారి ప్రసూన అడిగితే రూతు తడబడకుండా చెప్పింది. "సెలవుకే పోయింది మేడం. సార్ నా ముంగటనే పాసు తీస్కున్నడు."

నీలి గుండె నిండిపోయింది. గెలిచినట్టే.

"అయితే ఈమెను మళ్లీ తీసుకోవాలి" అంది ప్రసూన.

"తీస్కుంటం మేడం. కాని మనుషుల్ని పెంచలేం" అన్నాడు సోమేశ్వర్. "నీలి పాతదైతె, అందరికంటె వెనక చేరింది రూతే. గామె పోతది."

నీలి గిరుక్కున తిరిగి చూసింది. రూతు తల వంచుకుంది.

"నీకు ముందే తెల్సా పిల్లా?"

"తెల్సక్కా. మరి అబద్ధం ఎట్ల చెప్త?"

పదకొండేళ్లూ ఒక పక్క, ఈ పిల్ల ముఖం ఒక పక్క. నీలి ప్రసూన వైపు తిరిగింది.

"మేడం, రూతుకు సరిగ్గ తెల్వది. నేనే మానేసిన."

సుభాష్ తల పట్టుకున్నాడు. ప్రసూన కలం ఆపి అడిగింది. "ప్రతి ఏడూ మానేశావా? ఎందుకమ్మా?"

"పండుగొస్తె ఉండబుద్ధి కాదు మేడం."

కేసు అక్కడితో ముగిసింది. బయటికొచ్చాక రూతు ఆమెను పట్టుకుని వెక్కి వెక్కి ఏడ్చింది. నీలి కసురుకుంది. "ఊకో. ఏడ్సుకుంట కూసుంటె ఎట్ల? పొద్దుగాల్నే లేవాలె, డ్యూటి ఉన్నది మనకు."

ఆ ‘మనకు’ అన్న మాట నోట్లోంచి వచ్చాక గాని ఆమెకు తెలిసిరాలేదు. ఆఫీసు మెట్ల మీదే కూలబడి, అప్పుడేడ్చింది నీలి.