తలుపేసి నేర్చుకున్న ఆట

నాకు యాభై ఏండ్లు దాటినంక అక్షరాలు వచ్చాయి. అంతకన్నా చాలా ముందు, పరాయి జాగాలో కూలికి పోయి నేను నేర్చుకున్న చదువు ఇంకొకటి ఉంది. దాని సంగతి వస్తే మా వాళ్లు ఇప్పటికీ గొంతు తగ్గిస్తారు. నేను తగ్గించను. అది కడుపు ఆట. నిలబడ్డ చోటే నిలబడి నడుమూ పొట్టా తిప్పి ఆడే అరబ్బుల ఆట. నందికొండ దగ్గర కృష్ణకు అడ్డంగా కట్ట కడుతున్న కాలంలో నేర్చుకున్నాను.

నా కడుపు కథ ముందు చెప్పాలి. పెండ్లయిన కొన్నేండ్లకు కూడా పిల్లలు కాలేదు. మంత్రసాని వచ్చి నొక్కి చూసింది. అత్త ఏవేవో ఆకులు నూరి పొట్ట మీద పట్టు వేసింది, ఆ మంటకు తోలు లేచిపోయింది. ఆలంపూర్ అమ్మవారి దగ్గరికి తీసుకుపోయి తుంగభద్రలో ముంచి తడిచీరతో పొర్లుదండాలు పెట్టించారు. అమ్మవారి మీద నాకు కోపం లేదు, ఆమె నన్నేమీ అనలేదు. అన్నది మనుషులు. దారిన పోయే ముసలమ్మ కూడా నా పొట్ట మీద చెయ్యి వేసి పెదవి విరిచేది. ఆఖరుకు మొగడు నన్ను తల్లిగారింట్లో దించి ఇంకొకామెను తెచ్చుకున్నాడు. నా కడుపు గురించి మాట్లాడని మనిషి ఊళ్లో లేదు. నన్ను అడిగిన మనిషీ లేదు.

మా చిన్నమ్మ, అంటే మా అమ్మ చెల్లెలు, మొగడు పోయిన మనిషి. ఏటేటా గుంపుతో పాటు కూలికి పోయేది. ఆ ఏడు నన్నూ వెంట రమ్మంది. ఇంట్లో కూర్చుంటే మాటలు తింటావు, అక్కడైతే జొన్న గటకన్నా తింటావు అంది. మా పాలమూరు గుంపులకు ఒక పద్ధతి ఉండేది. ఊరు దాటే ముందు అందరి తట్టలూ ఒక్కచోట పేర్చి పసుపు చల్లేవాళ్లు. ఆ తట్టల మీద చెయ్యి పెట్టి, పని అయిపోయేదాకా గుంపు విడువమని అందరం ఒట్టు వేయాలి. అందరినీ మళ్లీ ఊరు చేరుస్తానని మేస్త్రి కూడా వేయాలి. తట్ట మీద వేసిన ఒట్టు తప్పిన మనిషిని ఏ గుంపూ తీసుకోదని చెప్పేవాళ్లు. నేనూ చెయ్యి పెట్టాను. వేసిన ఒట్టు అదొక్కటే. ఎవరింటికి పోవాలో, ఎవరింటికి పోవద్దో అందులో లేదు.

నందికొండలో మా పని మాలు మోయడం. సున్నం, ఇసుక కలిపిన మాలు తట్టల్లో నింపితే, కట్టెలు కట్టిన ఏటవాలు బాట మీదుగా పైకి ఎక్కాలి. రాళ్లు పేర్చేవాళ్ల దగ్గర కుమ్మరించి దిగాలి. ఎండకు కట్టెలు కాలేవి. తల కదిలితే మాలు కళ్లలో పడుతుంది కాబట్టి, కాలు ఎటు పోయినా, నడుము ఎటు వంగినా తల మాత్రం కదలనిచ్చేవాళ్లం కాదు.

ఒక సెలవు దినం గాజుల కోసం పనివాళ్ల ఇండ్ల లైన్ల దిక్కు పోయాను. అక్కడ చివరి ఇంట్లో ఒక తురకామె గాజులు అమ్మేది. ఆమె తండ్రి అరబ్బు సిపాయి, వనపర్తి సంస్థానంలో కాపలా కాసినవాడు. ఆమె పుట్టింది అక్కడే. మాది కూడా ఆ దిక్కే అని చెప్పగానే లోపలికి పిలిచి నీళ్లిచ్చింది. అందరూ ఆమెను ఖాలా అనేవాళ్లు, మనం చిన్నమ్మ అన్నట్టు. నేనూ అట్లనే పిలిచాను. లోపల పరదా వెనక పడుచు పిల్లలు గుంపుగా ఉన్నారు. కూతురి నిఖా దగ్గర పడింది, వాళ్ల ఆడవాళ్లు పెండ్లిలో ఆడే ఆట పిల్లలకు రావడం లేదని ఖాలా నేర్పుతోంది. మొగవాళ్లు లేని చోట, తలుపు వేసుకుని ఆడే ఆట అది. ఖాలా ఇత్తడి బిందె బోర్లించి వాయిస్తుంటే నేను గాజులు మరిచి చూస్తూ కూర్చున్నాను. నన్ను చూసి చూసి, ఆడతావా అని ఆమె అడిగింది. లేచాను.

లేచి ఏం చేశానంటే, వంగి చప్పట్లు కొట్టుకుంటూ గది చుట్టూ తిరిగాను. ఆట అంటే నాకు తెలిసింది బతుకమ్మే. నడుమ పూలు లేకున్నా నా కాళ్లు చుట్టూ తిరగడానికే పోయాయి. పిల్లలు పడీపడీ నవ్వారు. ఖాలా బిందె ఆపింది.

"ఏమే, యాడికి పోతున్నవ్? ఉన్న జాగల ఉండు."

ఉన్నాను. ఉంటే ఇంకా కష్టం. ముందు గోచి విప్పి చీర వదులుగా కట్టమంది, గోచి బిగిస్తే నడుము తిరగదట. నడుం కింద ఒక దుపట్టా గట్టిగా ముడి వేసింది. మోకాళ్లు జర వదిలెయ్యమంది. పాదాలు కదలొద్దు, భుజాలు కదలొద్దు, ఒక్క నడుము పైకి, కిందికి. నాది కట్టెలాగా ఉంది. నడుము లేపమంటే భుజం లేచేది. భుజం పట్టుకుంటే ఊపిరి ఆగేది. అప్పుడు ఖాలా ఏమనుకుందో, వంటింట్లోంచి గంప తెచ్చి నా నెత్తిన పెట్టి, పని మీద ఉన్నాననుకో అంది. గంప నెత్తిన పడగానే నా తల, భుజాలు వాటంతట అవే నిలిచిపోయాయి. కింద నడుము విడిపడి తిరిగింది. అంతదాకా నవ్విన పిల్లలు నోళ్లు మూసుకున్నారు.

నడుము వచ్చింది కాని పొట్ట రాలేదు. ఊపిరి పట్టి వదులుతూ పొట్టను అలలాగా పైనుంచి కిందికి ఆడించాలి. ఖాలా తన పొట్ట మీద నా చెయ్యి పెట్టుకుని చూపింది. అయిదుగురు పిల్లలను మోసిన పొట్ట, మెత్తగా, పెద్దగా, నీళ్ల తిత్తిలాగా ఆడింది. తర్వాత నన్ను ఆడించమంది. నేను పైటతో పొట్ట కప్పుకుని నిలబడ్డాను. నాది గొడ్డు కడుపు అని చెప్పాను. ఆమె ముందు దాచడం ఎందుకనిపించింది.

"పిల్లలు కాకుంటే ఏమాయె? కడుపు నీదే గద. ఆడించు."

ఆ మాట అంతకుముందు నాకు ఎవరూ చెప్పలేదు. నా పొట్ట మీద నా చెయ్యి నేనే పెట్టుకున్నాను. నొక్కి చూడటానికి కాదు, పట్టు వేయడానికి కాదు. ఆ దినం రాలేదు, మరుసటి సెలవుకూ రాలేదు. ఆ తర్వాత ఒకసారి చిన్నగా కదిలింది. కదిలినప్పుడు నేను నవ్విన నవ్వు నాకే కొత్తగా వినిపించింది.

దాచుకోవాలని నేను అనుకోలేదు, చాటాలనీ అనుకోలేదు. కాని నడుముకు నోరుంది. తట్ట నిండేదాకా వరుసలో నిలబడితే అది దానంతట అదే తిరిగేది. నా వెనక నిలబడ్డ ఆమె చూసింది, అడిగింది, చెప్పాను. సాయంత్రానికి గుంపంతా పాకింది. గొడ్డుది తురకోళ్లింట్ల భోగమోళ్ల ఆట నేర్చుకుంటాంది అని.

చిన్నమ్మ ముందు తిట్టింది, తర్వాత ఏడ్చింది. రజాకార్ల కాలంలో ఆమె చిన్న పిల్లతో జొన్నచేనులో దాక్కున్న మనిషి. ఆ రోజులు మరిచినవా అంది. మరవలేదన్నాను. చేనులో ఆమె ఒడిలో ఉన్న పిల్లను నేనే. కాని ఖాలా అప్పుడు మన చేనుకు రాలేదు గదా అన్నాను. చిన్నమ్మ మాట మార్చింది. మేస్త్రి నిన్ను గుంపులోంచి తీసేస్తడు, ఊళ్లో ఏ గుంపు రానీయదు, మళ్లీ ఆ ఇంట్లోనే కూర్చుంటవు, ఆ మాటలే తింటవు అంది. అది మాత్రం నిజం. నాకు ఉన్నది ఆ తట్ట ఒక్కటే. అది పోతే మళ్లీ ఊరందరి చేతులూ నా పొట్ట మీదనే.

తెల్లారి పనికి ముందే మేస్త్రి గుంపును కూర్చోబెట్టాడు. వరుసకు నాకు మామ. చెడ్డవాడు కాదు, ఊళ్లో తల ఎత్తుకోవాలన్న తిప్పలు ఆయనవి. నా తట్ట తెచ్చి నడుమ పెట్టాడు. ఆ ఇంటికి పోను, ఆ ఆట ఆడను అని దాని మీద చెయ్యి పెట్టి ఒట్టు వెయ్యమన్నాడు. తప్పేమి చేశానో చెప్పమన్నాను. మొగోళ్లు ఒకరినొకరు చూసుకున్నారు. అప్పుడు ఆయన నవ్వుతూ అన్నాడు.

"తప్పు లేకుంటే గీడ అందరి ముందట ఆడి చూపెట్టు మరి."

మొగోళ్లు నవ్వారు. ఆడవాళ్లలో కూడా కొందరు నవ్వారు. ఆడితే వాళ్లన్నదే నిజమవుతుంది. ఆడకుంటే తప్పు ఒప్పుకున్నట్టు. నా మొహం కాలిపోయింది. పారిపోవాలనిపించి కాళ్లు లేవబోయాయి. ఉన్న జాగల ఉండు అన్న మాట గుర్తుకొచ్చి ఉన్నాను.

"గది ఆడోళ్ల ఆట, మామా. అత్తను తోల్కరా, తలుపేసి ఆమెకు నేర్పుత. చూసుడు నీకు రాసి లేదు."

నవ్వు ఈసారి ఆయన దిక్కు తిరిగింది. ఆయన నవ్వలేదు. తట్ట మీద చెయ్యి పెడుతున్నావా లేదా అన్నాడు. నా కడుపు మీద మీ అందరి చేతులు పడ్డప్పుడు నన్నెవరూ అడగలేదు, ఇప్పుడు దాని కోసం నేను ఒట్టు వెయ్యను అన్నాను. వంగి తట్ట తీసుకుని నెత్తిన పెట్టుకున్నాను. ఒట్టు వేసిన తట్టను అట్లా గుంపు నడుమలోంచి ఎత్తుకుపోయిన ఆడది మా దగ్గర అంతకుముందు లేదు. తల కదలనివ్వకుండా నడిచాను. వెనక నుంచి చిన్నమ్మ పిలుస్తుందేమోనని ఎదురుచూశాను. పిలవలేదు.

దేవరకొండ దిక్కు గుంపు ఒకటి అదే కట్ట మీద పని చేస్తోంది. వాళ్ల మేస్త్రిని పోయి అడిగాను. ఎందుకు విడిచావు అంటే ఉన్నదున్నట్టు చెప్పాను. నిండు తట్టతో పైదాకా ఎక్కుతావా అని మాత్రం అడిగాడు. ఎక్కి చూపించాను. ఒట్టు తప్పితే ఏ గుంపూ తీసుకోదన్న మాట బలం అంతవరకే. మా వాళ్లు మాత్రం నాతో మాట్లాడటం మానేశారు. ఒకే బాట మీద నేను ఎక్కుతుంటే చిన్నమ్మ దిగేది. తట్టల కింద మా కళ్లు కలిసేవి, నోళ్లు కలిసేవి కావు. రాత్రిళ్లు ఏడవలేదని అబద్ధం చెప్పను. పోయి ఒట్టు వేద్దామని ఒక్కసారి కూడా అనుకోలేదు.

నిఖా దినం మొగోళ్లంతా బయట షామియానా కింద ఉన్నారు. ఆడవాళ్లం లోపల. ఖాలా తలుపు గొళ్లెం పెట్టబోతుంటే ఎవరో కొట్టారు. తీస్తే మా చిన్నమ్మ. ఉతికిన చీర కట్టుకుని, చెమటలు కక్కుతూ నిలబడింది. ఎందుకొచ్చావని నేను అడగలేదు. ఆమె నన్ను చూడకుండా ఖాలాతో అంది.

"గాజులకొచ్చిన."

మొగడు పోయినప్పటి నుంచి ఆమె చేతులు బోడిగానే ఉన్నాయి. ఆ సంగతి ఖాలా చూసింది, నేనూ చూశాను. ఖాలా నవ్వలేదు. గాజులు ఆట అయినంక చూద్దామని చెప్పి లోపలికి తీసుకుని గొళ్లెం పెట్టింది. చిన్నమ్మ తలుపుకు ఆనుకుని కూర్చుంది.

పెండ్లిపిల్ల ఆడింది, ఆమె తోటి పిల్లలు ఆడారు, తర్వాత నా వంతు. గంప అక్కర్లేదన్నాను. దుపట్టా ముడి వేసుకుని, చిన్నమ్మకు ఎదురుగా నిలబడ్డాను. ఉన్న జాగలోనే ఆడాను. నడుము తిరిగింది. ఆ తర్వాత పైట పక్కకు జరిపి పొట్ట ఆడించాను. ఆకులు పట్టు వేసిన మచ్చ అందరికీ కనిపించింది. కనిపించనీ అనుకున్నాను. చిన్నమ్మ ఆ మచ్చనే చూసింది, చూసి కళ్లు దించలేదు. బిందె ఆగినంక లేచి నా దగ్గరికి వచ్చి, చెంగుతో నా పొట్ట మీద చెమట తుడిచింది.

"చీర జారుతాంది, గట్టిగ కట్టుకోవే. మంచిగనే ఆడినవ్."

పోయేటప్పుడు ఖాలా ఆమె చేతికి గాజులు తొడగబోతే వద్దంది. మళ్లీ ఎన్నడన్నా వస్తానంది. అట్లా రెండు మూడుసార్లు వచ్చింది, గాజులు మాత్రం కొనలేదు.

మరుసటి ఏడు మేస్త్రి మనిషిని పంపాడు, గుంపులో చేతులు తక్కువున్నాయి, రమ్మని. ఒట్టు సంగతి ఎత్తలేదు. నేను పోలేదు. కట్ట లేచేదాకా దేవరకొండ గుంపుతోనే మోశాను.

ఇప్పుడు నా మోకాళ్లు మాట వినవు. పొట్ట ఇంకా వింటుంది. పెండ్లిండ్లలో మా చెల్లె మనుమరాండ్లు చుట్టూ చేరతారు, అవ్వా, ఒక్కపారి చూపెట్టవా అని. వాళ్ల నాయినలు సిగ్గుపడి అటు మళ్లుతారు. మళ్లితే చాలదు, బయటికి పొమ్మంటాను. పోయినంక తలుపెయ్యమంటాను.