కాబూల్ వజీరూ, తాండూరు ఇంగువా

రాజులు మారారు, వజీర్లు మారారు అన్న వార్త చెవిన పడితే చాలు, నాకు ఇప్పటికీ ఒళ్ళు నీరసించిపోతుంది. ఎవరు దిగారో ఎవరు ఎక్కారో కనుక్కునే ఓపిక లేదు. నేను వికారాబాద్‌లో పెళ్ళికాని పిల్లగా ఉన్నప్పుడే నిజాం సర్కారు పోయింది. తాండూరుకు కాపురానికి వచ్చాక ఒక రోజు గుల్బర్గా జిల్లాలో పడుకుని మర్నాడు హైదరాబాద్ జిల్లాలో లేచాం. మంచం జరిపింది లేదు, చాప మార్చింది లేదు. మా మామగారు పట్వారీ కాబట్టి సర్కారు మారినప్పుడల్లా ఆయన పాత లెక్కలన్నీ మళ్ళీ రాసుకోవడం, ఆయనకు టీలు కాచి కాచి నా చేతులు పడిపోవడం. సరే, అవి మన రాజ్యాలు, మన ఖర్మ. ఎక్కడో కాబూల్‌లో ఎవరు వజీరుగా ఉన్నారన్నది మా వంటింటి పోపు దాకా వస్తుందని ఎవరైనా అనుకుంటారా? వచ్చింది మరి.

మా పక్క వాటాలో ఒక కాబూలీ ఉండేవాడు. ఇంగువ వ్యాపారం. నిజానికి ఆయనది కాందహార్ దగ్గరి పల్లె అట, మాకు మాత్రం అటునుంచి వచ్చిన వాళ్ళంతా కాబూలీలే. వయసులో ఉండగా మేనమామ వెంట మూట నెత్తిన పెట్టుకుని ఇక్కడ రైలు దిగాడు. చుట్టుపక్కల ఊళ్ళు తిరిగి అమ్ముకున్నాడు. మా కందిపప్పు రుచి మరిగి ఆగిపోయానని చెప్పేవాడు. మనిషి గుమ్మమంత ఎత్తు. నిజాం సర్కారు పోయిన రోజుల్లో మిలిటరీవాళ్ళు పరదేశపు పఠాన్లనూ అరబ్బులనూ పోగేసి వాళ్ళ దేశాలకు పంపేస్తూ ఈయన్నీ పట్టుకున్నారట. మా మామగారు ఉరుక్కుంటూ వెళ్ళి అడ్డం పడ్డాడట. "గీయన ఎన్నడు తుపాకి ముట్టినోడు కాదు సాబ్. ఇంగువ నూరే కల్వం తప్ప గీయనకు ఇంకోటి తెల్వది" అన్నాడట. వదిలేశారు. అదంతా నేను కాపురానికి రాకముందు ముచ్చట. నేను వచ్చేసరికి ఆ కాబూలీ రోజూ పొద్దున మా గుమ్మం ముందు ఆగి, మామగారికి సలాం చేసిగానీ దుకాణం తెరిచేవాడు కాదు.

ఆయన పెండ్లాం యాలాల్ దిక్కు మనిషి. పొలాల్లో కూలి చేసుకునే ఇల్లు, ఆదివారం చర్చికి పోయే ఇల్లు. ఇంగువ అమ్మవచ్చిన వాడితో వెళ్ళిపోయిందని పుట్టింటివాళ్ళు ఆమెతో మాటలు బంద్ పెట్టారు. చర్చివాళ్ళకు కాకుండా పోయింది, మసీదువాళ్ళు పూర్తిగా కలుపుకోలేదు. పిల్లలు లేరు. ఆమెకు ఆ మనిషి ఒక్కడే దిక్కు. ఆయన ఉంటే ఇల్లుంది, దుకాణముంది, వాడకట్టులో మర్యాద ఉంది. ఆయన లేకపోతే ఆమె ఎవరికీ ఏమీ కాదు. ఆ సంగతి ఆమెకూ తెలుసు, మాకందరికీ తెలుసు.

ఇంగువంటే కొట్లో డబ్బాలో దొరికేదే అనుకునేవాళ్ళకు తెలియదు గానీ, ముడి ఇంగువను నేరుగా కూరలో వేసుకోలేం. తోలు సంచిలో బంకబంకగా వస్తుంది. మూతి విప్పితే కళ్ళ నీళ్ళు. దాన్ని నానబెట్టి, తుమ్మబంక కరిగించి పోసి, మైదాపిండితో కలిపి పిసికి, ఉండలు చేసి ఎండబెడతారు. ఎంత ఇంగువకు ఎంత పిండి అన్నదే ఆ వ్యాపారమంతా. పిండి ఎక్కువైతే వాసన చస్తుంది, తక్కువైతే నోరంతా చేదెక్కుతుంది. ఆయన పాళ్ళు చూసి కలిపేవాడు, ఆమె పిసికేది. వాళ్ళు పిసికిన రోజు మా దండెం మీది చీరలకు కూడా అదే వాసన. "మీ మొగుడూపెండ్లాల పుణ్యమాని నేను పెట్టె తెరిస్తే చారు వాసన కొడుతున్నది" అని ఎగిరేదాన్ని. ఆమె ఏమన్నా జంకేదా? "మంచిదే గదక్కా, నీకు పోపు ఖర్సు తప్పింది" అని పకపకా నవ్వేది.

సాయంత్రాలు మా అరుగు మీద మామగారూ ఆయనా చేరి రాజుల ముచ్చట్లు. "నాకు మీసాలొచ్చే లోపల మా గద్దె మీద నలుగురు మారిన్రు పట్వారి సాబ్" అనేవాడు కాబూలీ. ఒక రాజు ఆడవాళ్ళ ముసుగులు తీయించబోయి తనే దేశం విడిచిపోయాడట. నీళ్ళు మోసేవాడి కొడుకు, దారులు కొట్టినవాడు, వచ్చి గద్దె ఎక్కాడట. వాణ్ణి చంపించి ఇంకొకాయన రాజయ్యాడు. ఆయన్ని బడిపిల్లల బహుమతుల సభలో ఒక కుర్రాడు కాల్చేశాడు. అప్పటినుంచీ ఆయన కొడుకే రాజు. రాజు పేరుకే. మొదట బాబాయిలు రాజ్యం నడిపారు, తర్వాత బాబాయి కొడుకు ఒకడు వజీరై కూర్చున్నాడు. "మాది నయం, నిజాం ఒక్కడే పోయిండు" అనేవాడు మామగారు. ఇద్దరూ నవ్వుకునేవాళ్ళు. "చాయ్ సల్లారుతున్నది, రాజ్యాలు తర్వాత ఏలుదురు గాని" అని నేను లోపలినుంచి కేకేసేదాన్ని.

అరవై ఒకటి ఎండాకాలంలో హైదరాబాద్‌నుంచి ఒక వ్యాపారి కబురు తెచ్చాడు, కాందహార్‌లో ఆయన తల్లి మంచాన పడిందని. అన్నేళ్ళలో ఎన్నడూ పోని మనిషి రెండు రోజుల్లో బయల్దేరాడు. రైలుకు పంపడానికి మేమూ వెళ్ళాం. ఆమె ప్లాట్‌ఫారం మీద ఏడవలేదు, మొగుడు పైజామా బొందె సరిగ్గా కట్టుకోలేదని కసురుతూ నిలబడింది. "కందులు ఇంటికొచ్చే యాల్లకు వస్త. కుండల ముడి ఇంగువ ఉన్నది, దుకాణం బంద్ వెట్టకు" అన్నాడాయన. మా దిక్కు కందులు ఇంటికొచ్చేది చలికాలంలో. అంతవరకే కదా అని ఎవరం ఏమీ అనుకోలేదు.

వానలు పోయేవేళకు మామగారు రైల్లో వచ్చే ఉర్దూ పేపరు చదువుతూ చదువుతూ ఆగిపోయాడు. ఆమెను పిలిపించాడు. కాబూల్ వజీరుకూ పాకిస్తాన్ సర్కారుకూ చెడింది, రెండు దేశాల నడుమ బాట మూసేశారు, సరుకు లేదు, మనిషి లేడు, ద్రాక్షపండ్లు బండ్ల మీదే కుళ్ళుతున్నాయి. ఆమె నిలబడే వింది. "ఎందుకు చెడింది మామా?" అంది. సరిహద్దుకు ఇవతల ఉన్న పఠాన్ల నేల గురించి, ఆ గీత ఎక్కడుండాలన్న దాని గురించి అని మామగారు విడమరిచి చెప్పాడు.

"అంటే గట్టు పంచాదే గదా! గట్టు పంచాదికి బాట మూస్తరా ఎవలన్న? మా ఊర్ల గూడ గట్లకాడ తలకాయలు వగులగొట్టుకుంటరు, బండ్ల బాట మాత్రం ఇడిచిపెడ్తరు."

"రాజ్యాలు బిడ్డా, వాటికి గంత తెలివి లేదు" అన్నాడు మామగారు.

ఆ రోజునుంచి మొదలైంది. పొద్దున లేచి తుమ్మబంక దంచుతూ కాబూల్ వజీరును తిట్టేది. వాని నోట్ల మన్ను వడ, వాని గద్దె కూల, వాని ఇంట్ల దీపం వెట్టే దిక్కు లేకుండ వోను. గోడ ఇవతల నాకు అదే సుప్రభాతం. మొదట్లో చెవులు మూసుకున్నాను. ఆ తర్వాత అలవాటైంది. ఇంకొన్నాళ్ళకు వాడకట్టంతా పాకింది. నల్లా రాకపోయినా, చౌకదుకాణం బియ్యంలో రాళ్ళొచ్చినా, ఎవరి కోడలు అలిగిపోయినా వజీరునే తిట్టుకున్నాం. ఆ మహారాజుకు ఎక్కిళ్ళు ఎన్ని వచ్చాయో ఏమో, తాండూరని ఒక ఊరుందని ఆయనకు తెలియనే తెలియదు.

కందులు ఇంటికొచ్చాయి. ఆయన రాలేదు. అప్పుడు ఆమె అన్న యాలాల్‌నుంచి దిగాడు. ఇన్నేళ్ళకు మొదటిసారి గుమ్మం తొక్కాడు. మా అరుగు మీదే కూర్చుని మామగారి ఎదుటే అడిగాడు.

"వాడు రాడే. నువ్వు దుకాణం బంద్ వెట్టి ఇంటికి నడువు. అమ్మ గూడ మెత్తవడ్డది. వాడు పోయిండని నలుగుర్ల ఒక్క మాట అను, చాలు."

"బాట మూసిన్రన్నా. తెరిస్తే వస్తడు."

"గాలిమోటర్ల రావచ్చు గదా?"

"గాలిమోటరు ఎక్కెటోడు ఇంగువ అమ్ముకుంటడా? ఏం మాట్లాడుతవ్!"

అన్న తలకాయ పట్టుకుని కూర్చుని, ఇచ్చిన చాయ్ తాగి, ధారూర్‌లో ఏదో పని ఉందని లేచిపోయాడు. పోతూ పోతూ "బాట తెరిచినంక అడుగుత" అన్నాడు. ఆమె "అడుగు" అంది, గట్టిగా.

ఇక కుండలో ముడి ఇంగువ తరుగుతూ వచ్చింది. కొత్తది వచ్చే దారి లేదు. హైదరాబాద్‌లో ఉన్న కాస్తా బంగారమైపోయింది. దుకాణం మూస్తే ఆయన రాడన్న మాట తనే ఒప్పుకున్నట్టవుతుంది కాబట్టి ఆమె మూయలేదు. పిండి పెంచింది. మొదట కొంచెం, తర్వాత ఇంకొంచెం. ఉండలు తెల్లబడ్డాయి. మా చీరలకు వాసన పోయింది. పప్పులో ఒక ఉండకు రెండు వేసినా పోపు పోపులా లేదు. "ఏమే, ఇది ఇంగువేనా, పూరీలు చేసుకోవాల్నా?" అని ఒకసారి నోరు జారాను. ఆమె ముఖం మాడిపోయింది. "జర ఎక్కువ ఏస్కో అక్కా, ఆయన రాంగనే మంచిది వస్తది" అంది. ఇక ఏమనను? వాడకట్టులో ప్రతి ఆడదానికీ తెలుసు తను కొంటున్నది మైదాపిండని. ఒక్కతె కూడా వేరే దుకాణానికి పోలేదు. రెండేళ్ళు తాండూరులో మా గల్లీ గల్లీ వాసనలేని పప్పు తిన్నది, మొగవాళ్ళు సణుగుతుంటే "తిని లెవ్వండి" అని కసిరి మరీ.

మధ్యలో చైనాతో యుద్ధం వచ్చింది. పేపరంతా అదే. కాబూల్ ఊసు ఒక మూల కూడా లేదు. ఆమె రోజూ వచ్చి అరుగు కింద కూర్చునేది, మామగారు ఆఖరి పేజీ దాకా వెతికి తల అడ్డంగా ఊపేవాడు. ఆయనకు చూపు కూడా తగ్గుతున్నది అప్పటికే. నాకైతే ఆ పేపరు చప్పుడు వింటేనే విసుగొచ్చేది.

ఆ మరుసటి ఏడు ఎండలు ముదురుతుండగా, మామగారు నన్ను కేకేశాడు. "వజీరు దిగిపోయిండు! రాజే దింపిండట. ఈసారి రాజు ఇంటి మనిషి కాదట, వేరేటాయన వజీరు. ఇగ బాట తెరుస్తరు!" నేను చేతిలో గరిటెతోనే గోడవారకు ఉరికాను. "విన్నవా? నీ తిట్లు తగిలినయే! దిగిండు! నీ మొగుడు వస్తడిగ!" అన్నాను.

ఆమె బంక దంచుతున్నది. రోకలి ఆగింది. నవ్వుతుందనుకున్నాను, ఏడుస్తుందనుకున్నాను. ఏదీ చేయలేదు. రోకలికి అంటుకున్న బంకను గోటితో గీకుతూ అడిగింది.

"అక్కా, మరి బాట తెరిచినంక గూడ రాకుంటే, ఇగ ఎవల్ని తిట్టాలె?"

పొయ్యిమీద ఏదో మాడుతున్నదని వచ్చేశాను.

మర్నాటినుంచి తిట్లు బంద్. గోడ అవతల రోకలి చప్పుడు ఒక్కటే. బాట తెరిచారని కూడా పేపర్లో పడింది. వాడకట్టంతా వచ్చి చెప్పిపోయారు. ఆమె అందరికీ "మంచిదే" అంది. రైలు వచ్చే వేళకు స్టేషన్ దాకా పోయి నిలబడడం అప్పుడే మొదలుపెట్టింది. బాట మూసినన్నాళ్ళూ ఒక్కసారి పోలేదు మహాతల్లి.

వానలు పడ్డాక ఒక కాబూలీ దిగాడు. ఆయన కాదు. హైదరాబాద్‌లో సరుకిచ్చి తిరిగే మనిషి. అడిగి అడిగి మా గల్లీ పట్టుకున్నాడు. అరుగు మీద కూర్చోబెట్టాం. మామగారు ఉర్దూలో అడిగాడు, ఆమె స్తంభానికి ఆనుకుని నిలబడింది. ఆమె మొగుడు బాగున్నాడట. తల్లి ఆ చలికాలమే పోయిందట. ఇటు రాకముందు పుట్టిన కొడుకులు పెద్దవాళ్ళయ్యారట, కాందహార్ బజారులో తండ్రికి దుకాణం పెట్టించారట, ఇక ఈ వయసులో పరదేశం ఎందుకని పోనివ్వడం లేదట.

కొడుకులు! ఆ మాట మేం ఎన్నడూ వినలేదు. మామగారు నావైపు చూశాడు, నేను నేలవైపు చూశాను. సలాములు కొట్టి కొట్టి ఈ మనిషి మమ్మల్నందర్నీ ఎంత నమ్మించాడు! ఆమెకు ఉర్దూ బాగానే వచ్చు, మొత్తం అర్థమైంది.

"దుకాణం మంచిగ నడుస్తున్నదా ఆయనది?" అని అడిగింది. అంతే అడిగింది.

నడుస్తున్నదని చెప్పి, వచ్చినాయన సంచిలోంచి తోలుమూట ఒకటి తీసి ఆమె ముందు పెట్టాడు. మొగుడు పంపిన ముడి ఇంగువ. ఆమె మూట ఎత్తుకుని ఇంట్లోకి పోయింది.

మర్నాడు పొద్దున నేను బట్టలారేస్తుంటే గోడ మీదుగా వాసన వచ్చింది. రెండేళ్ళ తర్వాత, కళ్ళ నీళ్ళు తిరిగే ఘాటు. పోయి చూస్తే పీట వేసుకుని కూర్చుని పిసుకుతున్నది. పాళ్ళు ఆమే చూసుకుంది, పిండి తగినంతే పోసింది. నేను పక్కన కూలబడ్డాను. ఎంత దుష్టుడే వాడు, తిట్టవే, వాణ్ణన్నా తిట్టవే అని నా నాలుక చివరిదాకా వచ్చింది. "మీ అన్న వస్తే ఏం జెప్తవ్?" అని మాత్రం అడిగాను.

"దుకాణం ఉన్నది గదక్కా, ఏడికి పోత?" అంది, చేతులు ఆపకుండానే.

ఉండలు ఎండిన రోజు మొదటిది నాకే తెచ్చిచ్చింది. చీర కొంగున కట్టుకుని ఇంట్లోకి పోబోతుంటే వెనకనుంచి పిలిచింది.

"జర్రంతే ఎయ్యి అక్కా. గిది అసలుది."